సుంకమ్మ చెయ్యి రాని రోజు

మొన్నటేడు మృగశిర కార్తెలో, వజ్రకరూరుకు అవతల ఒక పల్లె పొలంలో, ఓబులేసు అనే రైతుకు నేను ఒక శుభవార్త చెప్పాను.

"రాయి చెడిపోలేదు ఓబులేసూ. నువ్వు పని నేర్చుకున్నావు. అంతే."

మా వృత్తిలో దీనికి మించిన మాట లేదు. ఈ మాట విన్నవాళ్ళు పక్కింటివాళ్ళను కేకేస్తారు, టీ తెప్పిస్తారు, కొందరు నా చేతులు పట్టుకుంటారు. ఓబులేసు మాత్రం ఒడిలో ఉన్న వేరుశనగ విత్తనాలను జాగ్రత్తగా సంచిలో పోసి, అప్పుడే తెగిన తడి సాలులో కూర్చున్నాడు. గొర్రు తోలుతున్న మరియమ్మ ఎద్దుల్ని ఆపి వెనక్కి తిరిగి చూసింది.

"అంటే ఇంక రాదా సార్?" అని అడిగాడు.

"నీకు రాదు" అన్నాను.

ఆ మాట ఎందుకు అంత బరువైందో చెప్పాలంటే కొంచెం వెనక్కి వెళ్ళాలి.

నేను హస్తవిద్య కంపెనీ అనంతపురం బ్రాంచిలో సర్వీస్ పని చూస్తాను. అంతకు ముందు చాలా ఏళ్ళు ఒక దినపత్రికకు జిల్లా వార్తలు రాశాను. జూన్ నెల వస్తే ఆకాశం కేసి చూసే రైతు ఫొటో ఒకటి, దాని కింద వానలు ముఖం చాటేశాయని నాలుగు వాక్యాలు. పేర్లు, ఊళ్ళు మారేవి గాని వాక్యాలు మారేవి కావు. ఆ పని మానేసి ఈ కంపెనీలో చేరినప్పుడు, కనీసం ఇక్కడ ఒకరికి ఏదో ఒకటి చేతికి అందుతుంది కదా అనుకున్నాను.

మేం అమ్మేది, అద్దెకిచ్చేది రాళ్ళు. తొలకరి పడగానే వజ్రకరూరు చుట్టుపక్కల పొలాల్లో జనం వజ్రాల కోసం తలలు వంచుకుని తిరగడం మన జిల్లాలో అందరూ చూసిందే. వజ్రం దొరికేది ఏ ఒక్కరికో. మిగతావాళ్ళకు దొరికేవి మెరుపు లేని బూడిదరంగు రాళ్ళు. వాటిని మొద్దులు అని తిట్టి గట్టు మీద పారేసేవారు. ఒక ఇల్లాలు దిష్టికని తన చేతికి కట్టుకున్న మొద్దురాయిని కూతురి చేతికి మార్చి కడితే, అంతవరకు పిండి ముట్టని ఆ పిల్ల జొన్నరొట్టె గుండ్రంగా తట్టిందట. ఎంతవరకు నిజమో నాకు తెలియదు. మా బ్రాంచి గోడ మీద ఉన్న బొమ్మ మాత్రం అదే. కంపెనీ పుట్టింది ఆ రొట్టె నుంచే అంటారు.

రాయి పని చేసే తీరు చెబుతాను. మొదట పనిమంతుల మణికట్టుకు, నాడి తగిలేచోట, ఖాళీ రాయి కడతాం. వాళ్ళు తమ పని తాము చేసుకుంటూ పోతే ఆ చేతికి తెలిసిందంతా రాయిలోకి దిగుతుంది. దీన్ని ఇంప్రింట్ అంటాం. తర్వాత అదే రాయిని నేర్చుకునేవాళ్ళ చేతికి కడతాం. రాయి మాట్లాడదు, పాఠం చెప్పదు. సరిగ్గా చేసినంత సేపూ ఊరుకుంటుంది. తప్పు చేస్తే మాత్రం లోపలి నుంచి ఇంకో చెయ్యి వచ్చి మన చేతిని పట్టుకుని దారిలో పెడుతుంది. ఆఫీసులో దీని పేరు కరెక్షన్. పల్లెల్లో 'చెయ్యి వచ్చింది' అంటారు. వాళ్ళ మాటే సరైనదని నాకు అనిపిస్తుంది. ఎందుకంటే ఆ పట్టులో ఆ మనిషి తీరు ఉంటుంది. తొందర మనిషి చెయ్యి విసురుగా వస్తుంది, ఓపిక ఉన్నవాళ్ళ చెయ్యి మెల్లగా వస్తుంది. పని వచ్చేకొద్దీ ఆ చెయ్యి రావడం తగ్గి, ఒక రోజు పూర్తిగా ఆగిపోతుంది. దాన్ని సైలెంట్ అంటాం. ఒకరికి సైలెంట్ అయిన రాయి ఇంకొకరి చేతికి కడితే మళ్ళీ మొదటి నుంచి పలుకుతుంది. ఆ మొదటివాళ్ళకు మాత్రం పలకదు. అందుకే మా ఒప్పందంలో ఒక షరతు ఉంది. పని వచ్చాక రాయి వాపసు ఇచ్చేయాలి. తర్వాతివాళ్ళు ఎదురుచూస్తూ ఉంటారు.

కుండలు చేసేవాళ్ళవి, కుట్టుపనివాళ్ళవి, డోలు వాయించేవాళ్ళవి రాళ్ళు మా దగ్గర చాలా ఉన్నాయి. విత్తనం వేసే చేతి రాయి లేదు. గొర్రుతో విత్తడం మళ్ళీ కొన్ని ఊళ్ళలో మొదలవుతోంది, ఆ రాయి ఒకటి కావాలని పైనుంచి అడిగారు. వాకబు చేస్తే ఆ చుట్టుపక్కల అందరూ ఒకే పేరు చెప్పారు. సుంకమ్మ. ఓబులేసు భార్య.

గొర్రు విత్తనం చూడనివాళ్ళ కోసం ఒక మాట. ఎద్దులు లాగే గొర్రు నేలను వరుసగా చీలుస్తూ పోతుంది. దాని మీద ఒక చెక్క గిన్నె ఉంటుంది. జడ్డిగం అంటారు. అందులో వేసిన గింజలు వెదురు గొట్టాల గుండా సాళ్ళలోకి జారతాయి. గొర్రు తోలేది మగవాడు. అతని వెనక ఒడి కట్టుకుని నడుస్తూ, ఎద్దుల నడకకు తగ్గట్టు గుప్పిట్లోంచి జడ్డిగంలోకి గింజలు వదిలేది ఆడమనిషి. ఎక్కువ వదిలితే మొక్కలు ఒకదాన్నొకటి తినేస్తాయి. తక్కువైతే సాలు బోడి. వాన పడి నేల పదునుగా ఉండేది కొద్ది రోజులే. ఆ కొద్ది రోజుల్లో ఆ గుప్పిట ఎలా తెరుచుకుందన్న దాన్ని బట్టి ఆ ఏడంతా ఉంటుంది.

నేను ఖాళీ రాయి తీసుకుని వెళ్ళిన రోజు సుంకమ్మ నన్ను పైనుంచి కిందికి చూసింది.

"నా చెయ్యి నీకేం పనప్పా? ఎత్తకపోయి ఏం జేస్తావు?"

"చెయ్యి మీ దగ్గరే ఉంటుందమ్మా. అందులో ఉన్న పనితనం రాయిలోకి తీసుకుంటాం."

"అంటే నా పనితనం నీ సంచిలో ఏసుకోని బస్సెక్కుతావు."

పక్కన నిలబడ్డ మరియమ్మ పకపకా నవ్వింది. ఇద్దరూ ఎన్నో ఏళ్ళుగా కలిసి కూలికి పోయే జోడీ. "పోనీలే సుంకక్కా. నువ్వెట్లా అనంతపురం జూడకపోతివి. నీ చెయ్యన్నా పోయి జూసొస్తాది."

"నేర్చుకునేటోళ్ళు యాడుండారే ఈ కాలంలో? ట్రాక్టర్లొచ్చె" అంది సుంకమ్మ. అంటూనే చెయ్యి చాపింది.

ఆ విత్తుల కాలమంతా రాయి ఆమె మణికట్టున ఉంది. ముందు ఓబులేసు, వెనక ఆమె. ఇద్దరూ మాట్లాడుకోవడం నేను పెద్దగా వినలేదు. సాలు కొంచెం వంకరపోతే మాత్రం "ఓయ్, యాడికి పోతాండావు?" అని వెనకనుంచి ఒక కేక వచ్చేది. అతను తల తిప్పకుండానే ఎద్దుల్ని సరిచేసేవాడు. రాయి తిరిగి తీసుకునే రోజు ఆమె మణికట్టు రుద్దుకుంటూ, "తేలిగ్గా ఉండాదప్పా, ఏం బోయిందో ఏమో" అని నవ్వింది. ఏమీ పోదని చెప్పాను. అది నిజమే. రాయి చేతిలోంచి ఏమీ తగ్గించదు.

ఆ చలికాలంలో సుంకమ్మ చనిపోయింది. గుండెనొప్పి వచ్చింది, ఆటోలో ఆస్పత్రికి తీసుకుపోతుంటే దారిలోనే పోయింది. నాకు ఆ సంగతి ఓబులేసు చెప్పేవరకు తెలియదు. ఎండలు ముదిరిన ఒక మధ్యాహ్నం టవర్‌క్లాక్ దగ్గరున్న మా బ్రాంచికి అతను వచ్చాడు. భుజాన తువ్వాలు, చేతిలో నలిగిన బస్సు టికెట్టు.

"మా సుంకమ్మ రాయి యాడుండాది సార్?"

సుంకమ్మ పోయిన సంగతి అప్పుడే చెప్పాడు. రాయి ఎవరికోసం అని అడిగాను.

"నాకే. ఇత్తనాలేసేది నేర్చుకోవాల."

"నువ్వు గొర్రు తోలేవాడివి కదా?"

"కూలికి ఆడమనుసులు దొరకడం ల్యా సార్. నేనే ఏసుకుంటా."

"మరి గొర్రు ఎవరు తోలతారు?"

అతను ఆ ప్రశ్నకు జవాబు ఆలోచించుకుని రాలేదు. కాసేపు గోడ మీది రొట్టె బొమ్మ చూశాడు. "యవరో ఒకరు తోల్తార్లే" అన్నాడు.

బ్రాంచిలో పరీక్ష కోసం ఒక చెక్క గిన్నె, చింతగింజల సంచి ఉంటాయి. రాయి అతని కుడి మణికట్టుకు కట్టి, గుప్పెడు గింజలు తీసుకుని వదలమన్నాను. ఎద్దుల పగ్గాలు పట్టిన చెయ్యి అది. గుప్పిట తెరవగానే గింజలన్నీ ఒక్కసారిగా గిన్నెలో పడ్డాయి. ఆ క్షణమే అతని చెయ్యి చిన్నగా ఉలిక్కిపడింది.

"గిల్లింది సార్" అన్నాడు.

"గిల్లినట్టు ఉండదు ఓబులేసూ. పట్టుకున్నట్టు ఉంటుంది."

"మీకు తెల్దు సార్. ఈమె గిల్లుతాది."

బయటికి పోయేముందు అతను చెప్పిన మాట ఒకటి నాకు ఇప్పటికీ గుర్తుంది. "అన్నేండ్లూ ముందరికి జూసుకుంటా నడిస్తి సార్. ఎనక ఆమె ఉండాదని తెలుసు. ఎట్లేస్తాందో ఒక్కతూరి గూడా తిరిగి జూడ్లా. తిరిగితే సాలు వంకర పోతాది. పోతే మల్లా ఆమే తిడ్తాది."

గొర్రు తోలే మనిషి సంగతి మరియమ్మ తేల్చింది. "ఆయప్ప ఆడోళ్ళ పని జేస్తే నేను మొగోళ్ళ పని జేస్తా. ఏం, ఎద్దులు కరుస్తాయా?" అని తనే గొర్రు పట్టింది. ఊళ్ళో కొన్ని రోజులు నవ్వుకున్నారు. తర్వాత వానలు కురిసి ఎవరి పొలాలకు వాళ్ళు పోయారు.

ఆ ఏడు మొలకలు వచ్చాక మామూలుగా చేసే చెకింగ్ కోసం నేను వెళ్ళాను. పొలం గట్టు మీదే మరియమ్మ నన్ను పట్టుకుంది.

"సార్, మీ రాయి పనికిమాలిన రాయి. రాండి, జూడండి. కోళ్ళకు మేత జల్లినట్ల మొలిసింది."

చూశాను. ఆమె చెప్పింది అబద్ధం కాదు. కొంత దూరం సాలు దారం లాగినట్టు సమంగా ఉంది. తర్వాత ఒకచోట మొక్కలు కుప్పగా, ఆ తర్వాత మళ్ళీ సమంగా, మళ్ళీ కుప్ప. రాయిలో లోపమైతే తప్పులు అన్నిచోట్లా ఒకేలా ఉంటాయి. పని రానివాడి తప్పులైతే మొదట ఎక్కువగా, చివర తక్కువగా ఉంటాయి. ఈ పొలంలో తప్పులు అలా లేవు. మంచి చేతి పని మధ్యలో ఎవరో కావాలని అక్కడక్కడ చేసినట్టు ఉన్నాయి.

ఓబులేసు ఇంటికి వెళ్ళి రాయిని నా చేతికే కట్టుకున్నాను. నాకు విత్తనం వేయడం రాదు. గింజలు వదలగానే సుంకమ్మ చెయ్యి వచ్చింది, మెల్లగా, తేలిగ్గా, విసుగు లేకుండా. రాయి బాగుంది. తర్వాత ఓబులేసును వాకిట్లో గిన్నె ముందు కూర్చోబెట్టి చింతగింజలు వదలమన్నాను. చక్కగా వదిలాడు. నేను నీళ్ళు తాగుతున్నట్టు తల తిప్పాను. ఓరకంట చూస్తే, అతను గుప్పెడు గింజలు ఒక్కసారిగా వదిలి కళ్ళు సగం మూసుకున్నాడు. ఎండలో నడిచి వచ్చినవాడు కడవ నీళ్ళు ముఖాన పోసుకుంటే ఎలా ఉంటాడో అలా ఉన్నాడు.

"తెలిసే చేస్తున్నావు" అన్నాను.

"ఔ సార్" అన్నాడు. దాచాలని కూడా అనుకోలేదు. "పిలిస్తే రాదు. మొక్కితే రాదు. తప్పు జేస్తేనే వస్తాది."

"పంట పోతుంది కదయ్యా."

"పంట యేయేడు వచ్చింది సార్, ఈ ఏడు పోయేకి?"

విత్తనం ఎంత ప్రియమో నాకన్నా అతనికే బాగా తెలుసు. నేను చెప్పవలసింది వేరే ఉంది, అది చెప్పాను. తెలిసి చేసే తప్పును రాయి కొంతకాలం తప్పుగానే తీసుకుంటుంది. చేతికి పని పూర్తిగా పట్టాక తీసుకోదు. అలా ఎందుకో మా కంపెనీలో రాళ్ళ సంగతి తెలిసిన పెద్దలు కూడా చెప్పలేరు. ఆమె వచ్చిన ప్రతిసారీ అతని చేతికి కొంచెం నేర్పే వెళుతుంది. నేర్పడం తప్ప ఆ రాయికి ఇంకోటి రాదు.

"అంటే ఆమె వచ్చేదే పోయేదానికా?" అన్నాడు.

"అట్లాగే అనుకో."

అతను గిన్నెలోంచి చింతగింజలు ఏరి సంచిలో వేసుకున్నాడు. నా మాట అతనికి అర్థమైంది. అర్థమైనా ఆగలేకపోయాడు. ఆ తర్వాత ఏడాదంతా వాకిట్లో చింతగింజల చప్పుడు వినబడుతూనే ఉండేదని మరియమ్మ చెప్పింది. "పొద్దన్నే టక్ టక్. మాపటికి టక్ టక్. ఒగోనాడు వాకిట్లో కూచ్చోని తనలో తనే నగుతాంటాడు సార్. యేమే, ఊరికే గిల్లుతావేమే అంటాంటాడు."

మొన్నటేడు మృగశిరలో వాన పడింది. మరుసటి పొద్దున అతని ఫోన్. "సార్, రాయి పాడైంది. తొందరగా రాండి." ఉరవకొండలో బస్సు మారి, అక్కడ నుంచి ఆటోలో వెళ్ళాను. పొలం తడిసి ఎర్రగా ఉంది. ఆ వాసనకు ఎవరి మనసైనా కుదుటపడుతుంది. ఓబులేసు ముఖం చూస్తే మాత్రం ఇంట్లో ఎవరో తప్పిపోయినట్టుంది.

"పొద్దట్నుంచి రావడం ల్యా. గుప్పెడు గుప్పెడు కుమ్మరిస్తాండా. రావడం ల్యా."

నా ముందర ఒక సాలు వేయమన్నాను. మరియమ్మ గొర్రు పట్టింది. అతను వెనక నడిచాడు. నేను ఆ పనిలో చాలా చేతులు చూశాను. అంత సమంగా గింజ వదిలిన చెయ్యి సుంకమ్మ తర్వాత అదే. తర్వాత తప్పుగా వేయమన్నాను. కుప్పగా వదిలాడు, వేళ్ళు బిగించి అసలు వదలకుండా నడిచాడు, జడ్డిగం అవతల పడేశాడు. రాయి పలకలేదు. నియమం ప్రకారం ఇంకొకరి చేతి మీద చూడాలి. విప్పి నా మణికట్టుకు కట్టుకుని గింజలు తీశాను. గుప్పిట సగం తెరవగానే నా వేళ్ళను లోపలి నుంచి ఎవరో దగ్గరికి చేర్చారు. నా చెయ్యి కదలడం అతను చూశాడు.

"వచ్చిందా?"

"వచ్చింది."

"ఎట్లొచ్చింది?"

"మెల్లగా. వేళ్ళు దగ్గరికి చేర్చింది."

"నీకు మెల్లగా వచ్చిందా!" అన్నాడు. నా చేతిని అలా చూస్తూ ఉండిపోయాడు. నన్ను అతను ఏకవచనంలో అన్నది ఆ ఒక్కసారే.

అప్పుడే నేను మొదట రాసిన ఆ శుభవార్త చెప్పాను. అతను సాలులో కూర్చున్నాడు.

మరియమ్మ కొంతసేపు ఓపిక పట్టింది. తర్వాత కొరడా చంకలో పెట్టుకుని వచ్చింది. "లెయ్యప్పా. పదును ఆరిపోతాంది. మనిసి పాయె, రాయి పాయె. పదునన్నా మిగలనియ్యి."

ఆ మాట కటువుగా ఉంది కాని, ఆమె కళ్ళలో నీళ్ళున్నాయి. ఓబులేసు చెయ్యి చాపి, "ఒక్కతూరి ఇయ్యండి సార్, మల్లా ఎత్తకపోదురు" అన్నాడు. ఇచ్చాను. రాయిని ఎడమ మణికట్టుకు ఊరికే చుట్టుకుని, కుడి చేత్తో తువ్వాలు తీసుకుని ముఖం తుడుచుకున్నాడు. ఎందుకు చుట్టుకున్నాడో అతనికీ తెలియదు. ఏదైనా చేతికి అందితే అలా చుట్టుకుంటాం కదా. మరియమ్మ విత్తనాల సంచి అతని ముందు పెట్టి మూతి విప్పింది. "ఒడి నింపుకో, లెయ్యి."

ముఖం మీద తువ్వాలు ఉండగానే అతను ఎడమ చెయ్యి సంచిలో పెట్టాడు.

ఆ చెయ్యి నిప్పు ముట్టినట్టు బయటికి వచ్చింది. వేళ్ళకు అంటిన గింజలు సాలులో చెల్లాచెదురుగా పడ్డాయి. తువ్వాలు జారిపోయింది. ముగ్గురం ఆ చేతినే చూస్తున్నాం.

మొదట నోరు తెరిచింది మరియమ్మ. "ఎడం చెయ్యి పెడ్తివా ఇత్తనాల్లో! సుంకక్క ఉంటే ఏళ్ళు ఇరిసేస్తాండె." ఆ ప్రాంతంలో విత్తనాన్ని ఎడమ చేత్తో ముట్టరు. అందరికీ తెలిసిన ఆనవాయితీయే, కాని సుంకమ్మ దానికి మరీ పట్టుదల మనిషట. కూలికి వచ్చిన కొత్త పిల్లలు పొరబాటున ఎడమ చెయ్యి పెడితే చెప్పడం ఉండదు, చెయ్యి మీద ఒక్కటి పడేది. నేను విత్తనం వేసే చేతిని రాయిలోకి తీసుకున్నాననుకున్నాను. ఆ చెయ్యి కొట్టిన దెబ్బలు కూడా అందులోకి వచ్చాయని అప్పటివరకు నాకు తెలియదు.

"కొట్టింది సార్" అన్నాడు ఓబులేసు. ముఖం మీద నవ్వు మొలిచింది. "గిల్లలా. కొట్టింది."

అతను వెంటనే మళ్ళీ సంచిలో చెయ్యి పెడతాడని నేను ఎదురుచూశాను. ఏడాది పొడుగునా వాకిట్లో చింతగింజలు కుమ్మరించిన మనిషి. ఎడమ చేతికి ఇంకా ఏమీ తెలియదు. ఎన్నిసార్లు పెడితే అన్నిసార్లు ఆమె వస్తుంది. మరియమ్మ కూడా అదే అనుకుని ఉంటుంది, సంచి మూతి గట్టిగా పట్టుకుంది.

అతను రాయి విప్పాడు. తువ్వాలు కొసన మూటగట్టి నడుముకు చుట్టుకున్నాడు. కుడి చేత్తో ఒడి నింపుకుని లేచి, "తోలు మరియమ్మా" అన్నాడు. పొలం అవతలి గట్టు దాకా రాయి లేకుండా విత్తాడు. ఒక్క గింజ ఎక్కువ లేదు, తక్కువ లేదు. నేను పక్కన నడిచాను.

గట్టు మీద నీళ్ళు తాగుతూ అడిగాను. "ఎందుకు ఆగావు?"

"ఇత్తనాన్ని ఎడం చేత్తో ముట్టగూడదు సార్" అన్నాడు, నేను తెలియనివాణ్ణి అన్నట్టు. నడుముకున్న మూట తడుముకుని మళ్ళీ అన్నాడు. "ఈడ ఉండాదని తెలిసె గదా. పోయినతూరి తెలీక అంతా ఖర్సు పెట్టుకుంటి." తర్వాత అడిగాడు, "ఎడం చేతికి ఎన్ని తూర్లొస్తాదో మీకేమన్నా తెలుసునా?"

తెలియదని చెప్పాను. ఇంతవరకు మా రాళ్ళలో దేన్నీ ఎవరూ అలా వాడలేదు.

బ్రాంచికి వచ్చి జరిగింది జరిగినట్టు చెప్పాను. కుడి చేతికి పని వచ్చింది, రాయి సైలెంట్. ఎడమ చేతికి రాలేదు, రాయి పలుకుతోంది. షరతు ప్రకారం నేర్చుకోవడం పూర్తి కాలేదు కాబట్టి రాయి అతని దగ్గరే ఉండాలి. మా మేనేజరు కళ్ళజోడు తీసి నన్ను చూశాడు.

"ఎడమ చేత్తో విత్తనాలు వేసేవాడెవడయ్యా?"

"ఎవరూ వేయరు సార్."

"మరి ఎప్పటికి నేర్చుకుంటాడు?"

"చెప్పలేను."

మేనేజరుది కూడా ఉరవకొండ దగ్గర పల్లె, ఆ ఆనవాయితీ తెలిసినవాడు. ఇంకేమీ అడగలేదు. సుంకమ్మ రాయి కోసం మా ట్రైనింగ్ సెంటర్‌లో కొందరు ఆడవాళ్ళు ఎదురుచూస్తున్నారని మాత్రం గుర్తుచేశాడు. అది నాకూ తెలుసు. ఆ సంగతి ఓబులేసుకు చెప్పాలా వద్దా అన్నది కొన్నాళ్ళు నన్ను తినేసింది. చివరికి ఏం చేయాలని మరియమ్మను అడిగాను. ఆమె తనే ఖాళీ రాయి కట్టించుకుంది. "నా చెయ్యి సుంకక్క చెయ్యంత బాగుండదు. అయినా గింజ మొలుస్తాదిలే" అంది. సెంటర్‌లో ఇప్పుడు నేర్పుతున్నది మరియమ్మ చెయ్యి. కొంచెం మొరటుగా వస్తుందని ఫిర్యాదులు ఉన్నాయి.

పత్రికలో పని చేసినప్పుడు ఒక వార్త అచ్చయితే అయిపోయినట్టే అనుకునేవాణ్ణి. కంపెనీలో చేరాక సైలెంట్ అయితే అయిపోయినట్టు. ఈ కేసు తర్వాత నా పనిలో ఒక మార్పు వచ్చింది. ఎవరైనా తమ సొంత మనిషి రాయి అడిగితే, కట్టేముందే చెబుతాను. ఇది నేర్పుతుంది, నేర్పేకొద్దీ తగ్గుతుంది, మీకు పని రావడమంటే వాళ్ళు వెళ్ళిపోవడమే. ఆ మాట విని కొందరు చెయ్యి వెనక్కి తీసుకుంటారు. ఎక్కువమంది చాపుతారు. చాపినవాళ్ళను నేను ఇప్పుడు తొందరపెట్టను. నేర్చుకోవడానికి వచ్చారా, కలుసుకోవడానికి వచ్చారా అని అడగను. ఆ రెండింటికీ మా దగ్గర ఉన్నది ఒకే రాయి.

ఓబులేసు కేసు మా బ్రాంచిలో ఇంకా మూయలేదు. ఏటా ఒకసారి వెళ్ళి రాయి చూడాలి, వెళుతున్నాను. రాయి శుభ్రంగా ఉంది, కట్టుకునే దారం కొత్తగానే ఉంది. ఎడమ చేతికి సుంకమ్మ ఇంకెన్నిసార్లు వస్తుందో ఎవరికీ తెలియదు. ఆ రోజు తర్వాత ఓబులేసు దాన్ని ఇంతవరకు కట్టుకోలేదు.